వఫాదారీ ఎవరికి?

మొన్న గుంటూరు మిర్చి యార్డులో టిక్కీల పక్కన నిలబడి చాయ్ తాగుతుంటే, ఇరవై ఏళ్లుగా తెలిసిన గుమస్తా ఒకాయన అడిగాడు. “భాయ్, మీవాళ్లు ఆ జిన్నా పేరు ఎందుకు వదులుకోరు?”

ఆ టవర్ నాది కాదు. దానికి ఆ పేరు పెట్టిననాటికి మా అబ్బా కూడా పుట్టలేదు. అయినా జవాబు మాత్రం నేనే చెప్పాలట. దేశం విడిపోకముందు నుంచీ మహాత్మాగాంధీ రోడ్డులో నిలబడ్డ ఆ మినార్‌కి 2022 ఫిబ్రవరిలో మూడు రంగులు వేశారు. సున్నం, రాయి కాబట్టి ఒక పూతతో పని అయిపోయింది. మరి మనిషికి ఎన్ని పూతలు వెయ్యాలి?

ఇక్కడిదాకా చదివి చాలామంది షాబాష్ అంటారు. జర ఆగండి. ఈ మజ్మూన్ వాళ్ల మీద కాదు, మన మీద.

వఫాదారీ పరీక్ష పెట్టేది బయటివాళ్లే కాదు, మనమూ పెడతాం. షోయబుల్లా ఖాన్‌కి పెట్టింది మనవాళ్లే. ఆయన ‘ఇమ్రోజ్’ అనే ఉర్దూ దినపత్రికకి ఎడిటర్. హైదరాబాద్ రియాసత్ హిందుస్థాన్‌లో కలవాలని రాశాడు. రజాకార్ల జులుంని జులుం అన్నాడు. 1948 ఆగస్టు 21 రాత్రి ఆఫీసు నుంచి ఇంటికి వెళ్తుంటే ఆయన మీద పడ్డారు. రాసే చేతిని నరికారు. తెల్లారేసరికి ప్రాణం పోయింది. వయసు ముప్పై కూడా లేదు. చంపినవాళ్ల దృష్టిలో ఆయన గద్దార్.

నెల తిరక్కుండానే, సెప్టెంబరు 17న నిజాం లొంగిపోయాడు. ఆ తర్వాత ఉస్మానాబాద్, గుల్బర్గా, బీదర్, నాందేడ్ జిల్లాల్లో ముసల్మాన్ల ఊచకోత జరిగింది. రాష్ట్రం మొత్తం మీద చనిపోయినవాళ్లు తక్కువలో తక్కువ 27 వేల నుంచి 40 వేల మంది ఉంటారని సుందర్‌లాల్ కమిటీ అంచనా వేసింది. హుకూమత్ ఆ రిపోర్టుని దశాబ్దాలపాటు బయటపెట్టలేదు. చచ్చినవాళ్లలో ఎంతమంది రజాకార్లు? దుకాణం కట్టేసుకుని ఇంటికెళ్లేవాళ్లు, బావి దగ్గర ఆడవాళ్లు ఏం చేశారు? కౌమ్ పేరుతో కత్తి పట్టించిన ఖాసిం రజ్వీ మాత్రం 1957లో జైలు నుంచి విడుదలై పాకిస్తాన్ వెళ్లిపోయాడు. వెళ్లడానికి వేరే చోటు లేనివాళ్లు ఆయన చేసినదానికి మూల్యం కట్టారు.

షోయబ్‌ని చంపినవాళ్లూ, ఊళ్లమీద పడ్డవాళ్లూ ఒక్క లెక్కే వేశారు. పేరు చూడు, పక్షం తేల్చు. మనిషి ఏం చేశాడో అడగొద్దు.

అదే రియాసత్‌లో వేరే లెక్క వేసినవాళ్లూ ఉన్నారు. కామారెడ్డిగూడెం రైతు షేక్ బందగీ విసునూరు దేశ్‌ముఖ్‌తో భూమి కోసం తలపడి 1940లో హతుడయ్యాడు. నిజాం ముసల్మాన్, దేశ్‌ముఖ్ హిందువు. బందగీ పోరాటం మజహబ్ చూసి కాదు, జమీన్ చూసి. ఉర్దూ షాయర్ మఖ్దూం మొహియుద్దీన్ నిజాంకి ఎదురు నిలిచి రైతుల పక్షం చేరాడు. 1952లో హుజూర్‌నగర్ నుంచి అసెంబ్లీకి గెలిచాడు. అది మన పల్నాడు నుంచి కృష్ణ దాటితే వచ్చే తాలూకా. ఆయనకి ఓటేసినవాళ్లు ఆయన పేరు చూసి భయపడలేదు.

ఇప్పుడు నా సంగతి. చాలా ఏళ్ల కిందట మా మొహల్లా వ్యాపారి ఒకడు కౌలు రైతులకి నకిలీ పురుగుమందు అప్పు మీద అంటగట్టాడు. పత్తి మొత్తం పోయింది. కాగితాలు నా చేతికొచ్చాయి. ఇషా నమాజ్ అయ్యాక పెద్దలు ఇంటికొచ్చారు. “బేటా, మసీదుకి చందా ఇచ్చే మనిషి. పేపర్‌కెక్కితే కౌమ్ ఇజ్జత్ ఏమవుతుంది?” అన్నారు. నేను ఖబర్ రాయలేదు.

సొంత అమ్మానాన్నలకి వ్యతిరేకమైనా సరే, ఇన్సాఫ్ కోసం గవాహీ ఇవ్వమని నిసా సూరా చెబుతోంది. చిన్నప్పుడు మదర్సాలో కంఠతా పట్టిన మాటే. అవసరమైన రోజున నోరు పెగల్లేదు.

మన జాలింని మనమే దాస్తే, రేపు టవర్ దగ్గర నిలదీసేవాడికి మనమే దస్తావేజు రాసిచ్చినట్టు. “మీవాళ్లు” అని వాళ్లంటే మనకి మంట. “మనవాడే కదా” అని మనం అనడం కూడా అదే మాట. వఫాదారీ మజ్లూంకి ఇవ్వాలి, వాడి పేరు ఏదైనా. అలా ఇచ్చినవాడికి ఇంకెవరి దగ్గరా సర్టిఫికెట్ అక్కర్లేదు.

ఆ రైతుల్లో ఒకతను ఇప్పుడు ఈ యార్డులోనే హమాలీ. ఆ రోజు గుమస్తా అడుగుతున్నప్పుడు టిక్కీ భుజాన వేసుకుని మా పక్కనుంచే వెళ్లాడు. “బాగున్నారా అన్నా?” అని పలకరించాడు. గుమస్తాకి జవాబు చెప్పగలిగాను. అతనికి చెప్పలేకపోయాను.