బూటుకు లేని అంటు

మా తాత చెప్పులు కుట్టాడు. మా నాయన పత్తిచేలో మందు కొట్టాడు. మా అమ్మ మిరప కళ్ళాల్లో తొడిమలు తీసింది. ఘాటుకి మండే ఆ వేళ్ళతోనే డెహ్రాడూన్ మిలటరీ అకాడెమీలో నా భుజాన రెండు చుక్కలు పెట్టింది. లెఫ్టినెంటునయ్యాను. సెలవుకి మాదిగపల్లెకొస్తే కామందు అడిగిన మొదటి మాట: "ఏరా, మిలట్రీలో వంటపనా?"

వంటపని తక్కువదని కాదు. మావోడు ఆర్డరేస్తాడంటే ఆయనకు మింగుడుపడదు.

అదే నోరు ఇంకో మాటంటది: "మిలట్రీలో రిజర్వేషన్ లేదు, అందుకే బాగుంది." సరే, లెక్క తేల్చుకుందాం. కోరుకొండ సైనిక్ స్కూల్లో నేను చదివింది ఎస్సీలకిచ్చే 15 శాతం సీట్లలో ఒకదాంట్లో. తర్వాత ఎన్డీఏ. అక్కడ రిజర్వేషన్ లేదు. రాతకు 900 మార్కులు, ఎస్సెస్బీ ఇంటర్వ్యూకి ఇంకో 900. ఐదు రోజులు మాటతీరు, పదిమందిని నడిపించే తీరు చూస్తారు. ఎదురుమాటకి చెప్పు తీసే ఊళ్ళో పెరిగిన పిల్లోడికీ, పాలేర్ల మీద కేకలేస్తూ పెరిగిన పిల్లోడికీ ఆ 900 ఒకటేనా? అయినా దాటాను. చిన్నప్పుడు ఆ సీటే లేకపోతే ఆ గుమ్మందాకా వచ్చేవాణ్ణి కాదు. రిజర్వేషన్ ప్రతిభను చంపదు, తొక్కిపెట్టిన ప్రతిభను పైకి లాగుద్ది.

సైన్యానికి కులం లేదంటారు. రాజ్‌పుత్, జాట్ పేర్లతో రెజిమెంట్లు ఇప్పటికీ ఉన్నాయి. 1818లో కోరేగావ్‌లో పోరాడిన మహర్లను యుద్ధజాతి కాదని 1890ల్లో ఇంగ్లీషోళ్ళు బయటికి నెట్టారు. ప్రపంచయుద్ధం మీదికొచ్చాక 1941లో మహర్ రెజిమెంట్ పెట్టారు. 1943లో చమార్ రెజిమెంట్ పెట్టి, యుద్ధం తీరాక 1946లో ఎత్తేశారు. చమార్లంటే మాలాగే తోలుపని చేసేవాళ్ళు. తోలు ముట్టినోడు అంటరానోడైతే, తోలు బూటేసుకుని కవాతు చేసేవాళ్ళకు అంటు లేదా?

దేశం సరిహద్దు మేం కాస్తాం. మా పల్లెను కాసేదెవరు? మంచినీళ్ళ చెరువు మురికి చెయ్యొద్దన్నందుకు 1985లో కారంచేడులో ఆరుగురు మాదిగల్ని చంపారు. 1991లో చుండూరులో ఎనిమిదిమంది దళితుల్ని చంపితే, కింది కోర్టు శిక్ష వేసినవాళ్ళందర్నీ 2014లో హైకోర్టు వదిలేసింది.

తమ్ముళ్ళారా, చెల్లెళ్ళారా! 2022 నుంచి ఎన్డీఏలో ఆడపిల్లలు కూడా చేరుతున్నారు. ఇంటర్ చదివేటప్పుడే పరీక్ష రాయండి. ఇంగ్లీషులో బెదరకుండా మాట్లాడటం నేర్చుకోండి. నా రెండు చుక్కలు చూపించి కులం పోయిందనేవాణ్ణి నిలదీయండి. సైనిక్ స్కూల్లో ఉన్న మన వాటా ఆఫీసరు కొలువులో ఎందుకు లేదో అడగండి.