కిటికీ బయట పిశాచి

దయ్యాల సినిమాలు చూస్తే పిల్లలు పాడైపోతారని పెద్దవాళ్లు అంటారు. రాత్రయితే కోడలి పాలల్లో విషం కలిపే సీరియల్‌ని మాత్రం ఇంటిల్లిపాదీ కూర్చుని చూస్తారు. దానివల్ల ఎవరూ పాడవరట! ఈ న్యాయం నేనొప్పుకోను.

1979లో అమెరికాలో సీబీఎస్ టీవీవాళ్లు 'సేలమ్స్ లాట్' అని రెండు భాగాల కథ వేశారు. స్టీఫెన్ కింగ్ నవల, టోబ్ హూపర్ దర్శకుడు. ఒక చిన్న ఊళ్లోకి రక్తం తాగే పిశాచి వస్తుంది. సెలవుల్లో మా మామ దగ్గర చూశాను. టీవీ కాబట్టి ఎక్కువ రక్తం చూపించడానికి వీల్లేదు. అందుకే అది అంత భయంగా వచ్చిందని నా వాదన.

చచ్చిపోయిన డానీ అనే అబ్బాయి రాత్రిపూట స్నేహితుడు మార్క్ కిటికీ దగ్గరికి వస్తాడు. పొగమంచులో తేలుతూ, నవ్వుతూ, గోళ్లతో అద్దం గీకుతాడు. తెరవమంటాడు. అంతే, ఒక్క చుక్క రక్తం లేదు. మా క్లాసులో కొందరు "పాతది, బోరు" అన్నారు. వాళ్లనొకటి అడుగుతాను. తలలు తెగిపడే సినిమా చూసినాక ఎప్పుడైనా లేచి కిటికీ గడియ పెట్టారా?

మనం రమ్మంటేనే ఆ పిశాచి లోపలికి రాగలదు. ఇది మనకు కొత్త కాదు. 1990లలో మా కర్ణాటకలో తలుపుల మీద 'నాళె బా' అని, అంటే రేపు రా అని రాసేవాళ్లు. ఆంధ్రలో 'ఓ స్త్రీ రేపు రా' అని రాశారు. దయ్యం మనవాళ్ల గొంతుతోనే పిలుస్తుందట, పలికితే ప్రాణం పోతుందట. ఇదంతా చెప్పింది మా అవ్వే. చెప్పి, దయ్యాల సినిమా చూడొద్దంది కూడా ఆమే! తెలిసిన ముఖం వచ్చి తలుపు తియ్యమంటే ఏం చెయ్యాలి? అసలు భయం అదే.

మార్క్ గది నిండా రాక్షసుల బొమ్మలు, ముసుగులు. అలాంటి బొమ్మల్లోని చిన్న శిలువ తీసి చూపించే డానీని తరిమాడు. ఆ పిచ్చే వాణ్ణి కాపాడింది. ఊరి పోలీసు అధికారి పారిపోయాడు. మార్క్ అమ్మానాన్నలు కొడుకు మాట నమ్మేలోపే వంటింట్లో చనిపోయారు. మేము భయమేస్తోందంటే మీరూ "ఏం లేదు, పడుకో" అనే అంటారు. ఎందుకని ఒక్కరూ అడగరు.

చూడొద్దనే ముందు ఒకసారి మా పక్కన కూర్చుని చూడండి. మూడు గంటలుంటుంది, ఆదివారమైతే మేలు.