ఈఎమ్ఐ రెండు వేలే పెరిగింది... మరి ఆ పదేళ్ళో?

మా బావ (అక్కా వాళ్ళాయన) కూడా నాలాగే సాఫ్టువేరు ఇంజనీరు. నాకంటే ఆరేడేళ్ళు సీనియర్. 2021 ఫిబ్రవరిలో హైదరాబాదులో ఫ్లాట్ కొన్నాడు. 60 లక్షల అప్పు, 7 శాతం వడ్డీ, 20 ఏళ్ళ గడువు, నెలకి 46,518 రూపాయల ఈఎమ్ఐ. గృహప్రవేశానికి అందరం వెళ్ళాం, పులిహోర తిన్నాం, "నువ్వెప్పుడ్రా కొనేది?" అని అందరూ నా మీద పడ్డారు. అదంతా మామూలే.

2023 లో ఒక రోజు బావ ఫోనుకి బ్యాంకు నుంచి మెసేజ్ వచ్చింది, ఈఎమ్ఐ మారిందని. ఎంతా అని చూస్తే 48,593. "రెండు వేలే కదా, నాలుగు వారాంతాల బిర్యానీ ఖర్చు" అని వదిలేశాడు. నేనైనా అంతే చేసేవాణ్ణి. ఆ తర్వాత కొన్నాళ్ళకి ఏదో పని మీద లోన్ స్టేట్‌మెంటు తీస్తే అసలు సంగతి తెలిసింది. మిగిలిన గడువు 18 ఏళ్ళు ఉండాల్సింది కాస్తా 28 ఏళ్ళయింది!

ఒక్కసారి లెక్క చూడండి. పాత పద్ధతిలో అయితే మిగిలిన 216 నెలలకి బావ కట్టాల్సింది దాదాపు కోటి రూపాయలు. కొత్త పద్ధతిలో 336 నెలలకి కోటీ 63 లక్షలు. తేడా 63 లక్షలు. అంటే తను తీసుకున్న అప్పు కంటే ఎక్కువ. ఈ 63 లక్షలూ "మీ ఈఎమ్ఐ 2,075 రూపాయలు పెరిగినది" అనే ఒక్క ముక్క వెనకాల దాక్కుని వచ్చాయి.

ఇది ఎలా జరిగిందో కొంచెం వివరంగా చెప్తాను, ఎందుకంటే మనలో చాలామందికి ఇది తెలియదు. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఫ్లోటింగ్ గృహరుణాలని రెపో రేటు లాంటి బయటి కొలమానానికి ముడిపెట్టాలని రిజర్వు బ్యాంకు చెప్పింది. కరోనా టైములో రెపో 4 శాతానికి దిగింది. మనోళ్ళంతా "ఇంత తక్కువ వడ్డీ మళ్ళీ జన్మలో రాదు" అని ఎగబడి కొన్నారు. నిజమే, రాలేదు. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపు అదే రెపో 6.5 అయ్యింది. బావ 7 శాతం 9.5 అయి కూర్చుంది.

లెక్క సులువు కోసం ఈ రెండున్నర శాతమూ రెండేళ్ళు పూర్తయ్యాక ఒకేసారి పెరిగిందనుకుందాం. అప్పటికి బావ అసలు ఇంకా 57 లక్షల 4 వేలు ఉంది. దాని మీద 9.5 శాతం చొప్పున ఒక నెల వడ్డీయే 45,158. కడుతున్న ఈఎమ్ఐ 46,518. అంటే నెలకి అసలు తీరేది 1,360 రూపాయలు! అదే ఈఎమ్ఐ తో అప్పు తీరాలంటే 37 ఏళ్ళు దాటుతుంది. అంత గడువు ఇవ్వడం బ్యాంకు వల్ల కూడా కాదు కాబట్టి, మొత్తం గడువుని 30 ఏళ్ళకి లాగి, అప్పటికీ చాలక ఆ రెండు వేలు పెంచింది.

నాకు మండేది ఎక్కడంటే, ఆ 18 ఏళ్ళని అలాగే ఉంచాలంటే ఈఎమ్ఐ 55,211 కావాలి. అంటే నెలకి 8,700 అదనం. ఆ సంవత్సరం బావకి హైక్ వచ్చింది. అడిగితే కట్టేవాడు. కానీ ఎవ్వరూ అడగలేదు. తన జీవితంలో పదేళ్ళు తనని అడక్కుండా రాసేసుకున్నారు. చేతికి నొప్పి తెలియకుండా ఇంజెక్షన్ ఇచ్చి కిడ్నీ తీసుకోవడం లాంటిది ఇది.

2023 ఆగస్టు 18 న రిజర్వు బ్యాంకు ఒక సర్క్యులర్ ఇచ్చింది. వడ్డీ మారినప్పుడు ఈఎమ్ఐ పెంచుకుంటారా, గడువు పెంచుకుంటారా, రెండూ కొంచెం కొంచెమా, లేక ఫిక్సెడ్ వడ్డీకి మారతారా అన్నది అప్పు తీసుకున్నవాణ్ణి అడగాలి, ఎంత తేడా పడుతుందో చెప్పాలి అని. ఆ ఏడాది డిసెంబరు 31 లోపు పాత అప్పులకి కూడా ఇది వర్తింపజేయమంది. మంచిదే. కానీ ఆ ఎంపిక తాలూకు మెయిలు మన ఇన్‌బాక్సులో క్రెడిట్ కార్డు ఆఫర్ల మధ్యన పడి ఉంటే ఎవడు చూస్తాడు? మీలో ఎంతమంది చూశారు? నిజం చెప్పండి.

సరే, బ్యాంకుల్ని తిట్టడం సులువు. ఇప్పుడు మనల్ని మనం తిట్టుకుందాం.

మనం చేసే పనేంటి? ఒక క్వెరీ రెండు సెకన్లు ఎక్కువ తీసుకుంటే ఎక్జిక్యూషన్ ప్లాన్ తీసి రాత్రంతా కూర్చుంటాం. కోడ్ రివ్యూలో వేరియబుల్ పేరు బాలేదని అరగంట వాదిస్తాం. అదే మన జీవితంలో అతి పెద్ద లావాదేవీకి మాత్రం "ఈఎమ్ఐ ఎంత?" అని ఒకే ఒక్క ప్రశ్న వేస్తాం. ఎక్సెల్ లో పది నిమిషాల పని. చెయ్యం. ఎందుకంటే అది చూస్తే కొనబుద్ధి కాదేమోనని లోపల భయం.

నేను ఈ మధ్య చేశాను. చెయ్యక తప్పలేదు, ఎందుకంటే నా టేబుల్ మీద కూడా ఇప్పుడొక మంజూరు పత్రం ఉంది. 75 లక్షల ఫ్లాట్, 60 లక్షల అప్పు, 8.5 శాతం, 20 ఏళ్ళు. ఈఎమ్ఐ 52,069. మొత్తం కట్టేది కోటీ 25 లక్షలు. అందులో వడ్డీ 65 లక్షలు. ఇదే 30 ఏళ్ళకి పెట్టుకుంటే ఈఎమ్ఐ 46,135 కి దిగుతుంది, వడ్డీ కోటీ 6 లక్షలకి ఎక్కుతుంది. 15 ఏళ్ళకయితే ఈఎమ్ఐ 59,084, వడ్డీ 46 లక్షలు. ఈ మూడు వరసలూ ఒక కాయితం మీద పక్కపక్కన రాసి చూపించిన బ్యాంకు ఏజెంటు నాకింతవరకు తగల్లేదు. అందరూ మొదట చెప్పేది "30 ఇయర్స్ పెట్టుకోండి సార్, ఫ్రీగా ఉంటుంది" అనే. ఎవరికి ఫ్రీగా?

మొదటి నెల 52,069 లో వడ్డీ 42,500, అసలు 9,569. మొదటి అయిదేళ్ళలో 31 లక్షలు కడితే అసలు తీరేది 7 లక్షల చిల్లర. సగం అప్పు, అంటే 30 లక్షలు, తీరడానికి 13 ఏళ్ళ 10 నెలలు పడుతుంది. ఇందులో మోసమేమీ లేదు, ఇది వట్టి గణితం. ఇంజనీరింగు మొదటి సంవత్సరం పిల్లాడు కూడా చెయ్యగలిగిన గణితం.

ఇంతకీ ఆ మంజూరు పత్రంలో అప్పు 60 కాదు, 62 అని ఉంది. ఈ రెండు లక్షలేంటండీ అంటే, "లోన్ ఇన్సూరెన్సు సార్, కంపల్సరీ. నెలకి 1,700 యే పడుతుంది" అన్నాడు ఏజెంటు. కంపల్సరీ అని ఏ రూల్లో ఉందో రాతపూర్వకంగా ఇవ్వమంటే మాట మార్చేశాడు. ఆ రెండు లక్షల ప్రీమియాన్ని అప్పులో కలిపి 20 ఏళ్ళు 8.5 శాతం వడ్డీతో కడితే 4 లక్షల 17 వేలవుతుంది. ఇన్సూరెన్సు వద్దని కాదు, ఖచ్చితంగా ఉండాలి. కానీ విడిగా టర్మ్ పాలసీ తీసుకుంటే అది ఈ అప్పుతో సంబంధం లేకుండా మనదై ఉంటుంది.

ఇక బ్యాంకు లెక్కలోకి రానివి. 30 లక్షల నుంచి 75 లక్షల దాకా అప్పుకి ఇంటి విలువలో 80 శాతమే ఇస్తారు, కాబట్టి 15 లక్షలు మన జేబు నుంచి. తెలంగాణలో 2021 జూలైలో రిజిస్ట్రేషను ఖర్చుల్ని 6 నుంచి 7.5 శాతానికి పెంచారు, దానికో అయిదున్నర లక్షలు. ఇంకా కడుతున్న ఇల్లయితే 5 శాతం జీఎస్టీ అదనం. పైగా కట్టేదాకా ప్రీ ఈఎమ్ఐ పేరుతో వడ్డీ కడుతూ, ఇంకో పక్క అద్దె కూడా కడుతూ ఉండాలి, అసలు ఒక్క రూపాయి తీరదు. కప్‌బోర్డులు, ఫాల్స్ సీలింగు వగైరాలకి ఎంత పొదుపుగా చేసినా 8 లక్షలు. కట్టేసిన ఇల్లే తీసుకున్నా అన్నీ కలిపితే నా "75 లక్షల" ఫ్లాట్ కోటీ 53 లక్షలు.

ఇక్కడ మీరు అడగబోయే ప్రశ్నలు నాకు తెలుసు. నేనూ అడుక్కున్నవే.

"అద్దె దండగ కదా?" నేనుండే ఫ్లాట్ అద్దె 21 వేలు. అదే అపార్టుమెంటులో అలాంటిదే 75 లక్షలు చెప్తున్నారు. అద్దె దండగైతే నెలకి 42,500 వడ్డీ ఏమిటి? వడ్డీ అంటే డబ్బుకి కట్టే అద్దె. ఇంటి ఓనరుకి కడితే దండగ, బ్యాంకుకి కడితే ఆస్తి ఎలా అవుతుంది? అయితే నిజాయితీగా ఒక మాట చెప్పాలి. అద్దె ఏటా 5 శాతం పెరిగితే 14, 15 ఏళ్ళకి అదీ 42 వేలవుతుంది. ఈఎమ్ఐ లో వడ్డీ ఈలోపు తగ్గుతుంది. కాబట్టి కొనడం ఎప్పటికీ తప్పని నేననను. పదిహేనేళ్ళు అదే ఊళ్ళో, అదే ఇంట్లో ఉంటామన్న నమ్మకం ఉన్నవాడికి లెక్క వేరు.

"టాక్సు మిగులుతుంది కదా?" పాత పన్ను విధానంలో, సొంతంగా ఉండే ఇంటికి, ఏడాదికి 2 లక్షల వడ్డీ వరకే. 30 శాతం శ్లాబులో ఉంటే మిగిలేది 62,400. దానికోసం మొదటి ఏడాది కట్టే వడ్డీ 5 లక్షల 5 వేలు. కొత్త విధానంలో అదీ లేదు. 60 వేలు మిగుల్చుకోడానికి 5 లక్షలు ఖర్చు పెట్టే తెలివి మన దగ్గరే ఉంది.

"20 ఏళ్ళ తర్వాత 52 వేలు ఏపాటి?" నిజమే, అప్పటి 52 వేలకి ఇప్పటి విలువ ఉండదు. కానీ ఈ వాదనలో ఒక షరతు దాగి ఉంది. ఆ 20 ఏళ్ళూ జీతం రావాలి, పెరగాలి. 2022 చివర్లో మొదలైన లేఆఫుల్ని కళ్ళారా చూసిన మనం ఆ షరతుని ఇంత ధీమాగా ఎలా ఒప్పుకుంటున్నాం?

మా నాన్న ఈ అంకెలు విని ముందు "నూటికి 70 పైసల వడ్డీకి ఎవడిస్తాడ్రా, తీసుకో" అన్నారు. మా ఊళ్ళో రూపాయిన్నర, రెండు రూపాయల వడ్డీలు చూసిన మనిషి. తర్వాత "మొదటి ఏడాది అసలు ఎంత తీరుతుంది?" అని అడిగారు. లక్షా 19 వేలు అన్నాను. కాసేపు మాట్లాడలేదు. "వడ్డీ చవకేరా, కాలమే ఖరీదు" అన్నారు. నేను ఎక్సెల్ లో మూడు రాత్రులు చేసిన పని ఆయన వరండాలో కూర్చుని తేల్చేశారు.

ఆ కాలం ఖరీదు ఎంతో మళ్ళీ బావ దగ్గరే చూశాను. పోయినేడాది కాకినాడలో వాళ్ళ నాన్నగారు మంచాన పడ్డారు. బావకి ఇంటి నుంచే పని చేసుకునే ఉద్యోగం ఒకటి దొరికింది, జీతం మూడో వంతు తక్కువ. వెళ్ళిపోదామనుకున్నాడు. అక్కా ఒప్పుకుంది. ఆ రాత్రి ఇద్దరూ కూర్చుని ఈఎమ్ఐ, పిల్లాడి స్కూలు ఫీజు రాసి చూసుకుని ఆఫరు వద్దని మెయిలు పెట్టాడు. ఇప్పుడు శుక్రవారం రాత్రి బస్సెక్కి ఆదివారం రాత్రి తిరుగు బస్సెక్కుతున్నాడు. ఆ ఫ్లాట్ ధర ఇప్పుడు ఎంత పెరిగిందో బావకి ఎవరైనా చెప్తే మాట దాటేస్తాడు.

కాబట్టి అప్పు ఉన్నవాళ్ళు ఈ వారమే స్టేట్‌మెంటు తీసి ఈఎమ్ఐ కాదు, మిగిలిన నెలల సంఖ్య చూడండి. 2025 ఫిబ్రవరి నుంచి జూన్ లోపు రెపో ఒక శాతం తగ్గింది, అది మీ ఖాతాలోకి వచ్చిందో లేదో చూడండి. ఈఎమ్ఐ తగ్గిస్తామంటే వద్దని, గడువు తగ్గించమనండి. ఫ్లోటింగ్ గృహరుణాల మీద ముందస్తు చెల్లింపుకి బ్యాంకులు జరిమానా వెయ్యకూడదని 2012 లోనే రిజర్వు బ్యాంకు చెప్పింది. నా 60 లక్షల అప్పుకి ఏడాదికొక్క ఈఎమ్ఐ అదనంగా కడితే 40 నెలలు ముందే తీరి, 12 లక్షల వడ్డీ మిగులుతుంది. హైకు వచ్చినప్పుడల్లా ఈఎమ్ఐ ని 5 శాతం పెంచుకుంటూ పోతే 20 ఏళ్ళ అప్పు 12 ఏళ్ళు దాటిన కొద్ది నెలలకే పోతుంది. బ్యాంకు మనకి చెయ్యని ఉపకారం ఇది, మనమే చేసుకోవాలి.

నా సంగతంటారా? ఆ మంజూరు పత్రం మీద సంతకం పెట్టలేదు. ఇంకో మూడేళ్ళు అద్దింట్లోనే ఉండి డౌన్ పేమెంటు పెంచుకుని, 15 ఏళ్ళకి మించని అప్పు తీసుకుంటానని ఇంట్లో చెప్పాను. "అద్దింట్లో ఉండేవాడికి పిల్లనెవరిస్తారు?" అని అమ్మ బెంగ. ఈఎమ్ఐ 46,518 చూసి పిల్లనిచ్చిన సంబంధం ఎలా ఉందో అక్కని అడుగు అన్నాను. రెండు రోజులు నాతో మాట్లాడలేదు.