నటించింది, రాసింది, మెగాఫోన్ పట్టింది!

"ఆడవాళ్లకు హీరోయిన్ వేషం ఇస్తారు గానీ మెగాఫోన్ ఇస్తారా?" అని మనం అనుకుంటూ ఉంటాం కదా! స్వీడన్‌కు చెందిన మై సెట్టర్‌లింగ్ కథ వినండి మరి.

1925లో పుట్టిన ఈమె పంతొమ్మిదేళ్లకే, ఇంగ్మార్ బెర్గ్‌మన్ రాసిన 'హెట్స్' (1944)లో నటించి పేరు తెచ్చుకుంది. 'ఫ్రీడా' (1947)తో ఇంగ్లండ్‌లోనూ తార అయిపోయింది. ఇద్దరు పిల్లల తల్లి కూడా. ఇంకొకరైతే అంతటితో తృప్తిపడేవారేమో! ఆమె మాత్రం కెమెరా వెనక్కి వెళ్లింది. తీసిన చిన్న సినిమాకు 1963లో వెనిస్‌లో బహుమతి వచ్చింది. మరుసటి ఏడాదే 'లవింగ్ కపుల్స్' అనే పెద్ద సినిమా తీసింది. 'నైట్ గేమ్స్' అయితే నవలా తనదే, సినిమా తనదే!

1968లో 'ది గర్ల్స్' తీసింది. ఊరూరా నాటకం ఆడుతూ తిరిగే ముగ్గురు నటీమణుల కథ అది. యుద్ధం ఆపడానికి భర్తలను దూరం పెట్టిన స్త్రీల గురించిన ప్రాచీన గ్రీకు నాటకమది. ఆడుతూ ఆడుతూ, తమ ఇళ్లలో తమ మాట చెల్లడం లేదని ఆ ముగ్గురికీ తెలిసొస్తుంది. విమర్శకులు చీల్చి చెండాడారు, జనం రాలేదు.

స్వదేశంలో మళ్లీ పెద్ద సినిమా తీయడానికి పద్దెనిమిదేళ్లు పట్టింది. ఈలోగా ఖాళీగా కూర్చోలేదు సుమండీ! 1972 మ్యూనిక్ ఒలింపిక్స్‌లో బరువులెత్తే మగవాళ్లను చిత్రించింది, పుస్తకాలు రాసింది. అరవై ఒకటో ఏట 'అమొరోసా' (1986) తీసింది. 'ది విచెస్' (1990)లో బామ్మగా కనిపించింది. 1994లో కన్నుమూసింది.

ఆనాడు కాదన్న 'ది గర్ల్స్'నే ఇప్పుడు స్త్రీల సినిమాల్లో మేటి అంటున్నారు. పది పనులు నెత్తినేసుకునే మనకు ఆమె కొత్తేం కాదు. తన మాట తాను చెప్పడం మాత్రం ఆమె దగ్గర నేర్చుకోవాల్సిందే!