పాత చిప్పు చాలును

ఇంటెల్ కంపెనీవారు 1980వ సంవత్సరమున వెలువరించిన 8051 మైక్రోకంట్రోలరు మిక్కిలి చిన్నది. ప్రోగ్రామునకు 4 కిలోబైట్లు, తాత్కాలిక జ్ఞాపకమునకు 128 బైట్లు మాత్రమే అందు గలవు. అయినను నూతిలో నీరు తగ్గిన సంగతిని రెండు తీగెలచే గ్రహించి, రిలే ద్వారా మోటారు నాపుటకు అంతకన్న నెక్కువ యేల? నీరు లేక తిరిగిన పంపు వేడెక్కి చెడును. రీవైండింగు ఖర్చు రైతుదే గదా!

బజారున కొన్న పెట్టె చెడినచో పారవేయుదుము. మన పిల్లలు స్వయముగా కూర్చినదానిని వారే బాగుచేయగలరు. ఈ జాతిలోని ఏటీ89ఎస్52 చిప్పునందు ప్రోగ్రామును చెరిపి మరల వ్రాయవచ్చును; కావున నేర్చువారి పొరపాటు వలన చిప్పు వ్యర్థము కాదు. అయితే అభ్యాసము 5 వోల్టులతోనే జరుగవలెను. మోటారు తీగెలను ఎలక్ట్రీషియనే కలుపవలెను.

ఎరువులు, విత్తనములతో పాటు ఈ విద్యను గూడ గ్రామ యువకుల కందించుట సహకార సంఘముల విధియని మా యభిప్రాయము.