ప్రభువు రాకడయు మన దినచర్యయు

ఇటీవల తరగతిలో నొక విద్యార్థి, "అయ్యా, ప్రభువు త్వరలో వచ్చునని పెద్దలు చెప్పుచున్నారు గదా! అట్లయిన మేము పరీక్షలకు చదువుట యెందులకు?" అని యడిగెను. తక్కిన బాలురు నవ్విరి. నాకు నవ్వు రాలేదు. ఏలయనగా దిద్దవలసిన వ్రాతపుస్తకములు రెండు వారములనుండి నా బల్లమీద పడియుండెను. ఆ సాయంకాలములను నేను రాకడనుగూర్చిన ప్రసంగములు వినుటలో గడపియుంటిని.

ఈ ప్రశ్న క్రొత్తది కాదు. థెస్సలొనీక సంఘములో కొందరు పని మాని తిరుగుచుండగా, నెమ్మదిగా పనిచేసి తమ యాహారమును తామే సంపాదించుకొనవలెనని పౌలు వారికి వ్రాసెను. అమెరికాలో విలియం మిల్లరు బోధను నమ్మినవారు 1844వ సంవత్సరము అక్టోబరు 22వ తేదీన ప్రభువు వచ్చునని యెదురుచూచిరి. కొందరు రైతులు పంటను పొలములోనే విడిచిరి. ఆ దినము గడచెను, దుఃఖము మిగిలెను. ఆ గడియ తండ్రికి మాత్రమే తెలియునని ప్రభువే సెలవిచ్చియుండగా, మనము తేదీలు లెక్కకట్టుట విశ్వాసము కాదు, అవిధేయతయే యని నా యభిప్రాయము.

1780వ సంవత్సరము మే 19వ తేదీన ఆ దేశపు ఈశాన్య భాగమున పట్టపగలే చీకటి క్రమ్మెను. అడవులు కాలిన పొగయే దానికి ముఖ్యకారణమని యిప్పుడు పండితులు చెప్పుచున్నారు. నాడు అనేకులు తీర్పుదినమని భయపడిరి. కనెక్టికట్ సభవారు సభను చాలింపదలచిరి. అప్పుడు ఏబ్రహాం డావెన్‌పోర్టు అను సభ్యుడు, అది తీర్పుదినము కానిచో చాలింప కారణము లేదనియు, అయినచో తన కర్తవ్యమందు కనబడుటయే తన కోరిక యనియు చెప్పి, దీపములు తెప్పింపుమనెను.

మత్తయి సువార్త 25వ అధ్యాయములోని పదిమంది కన్యకలను తలంచుడి. బుద్ధిగలవారును బుద్ధిలేనివారును కునికి నిద్రించిరి. భేదము నూనెయందే యుండెను. అర్ధరాత్రి కేక వినబడిన పిమ్మట దానిని సమకూర్చుకొన వీలులేకపోయెను. మన నూనెయు నట్టిదే. పరీక్షలో ప్రక్కవాని కాగితము చూడకుండుట, ఎరవు తెచ్చిన పుస్తకమును తిరిగి యిచ్చుట, ఇంట పనిచేయువారితో మృదువుగా మాటలాడుట, జబ్బుపడిన పొరుగువానిని చూడబోవుట, ఇవి దినదినము పడు చుక్కలు.

తల్లిదండ్రులారా, రాకడను చెప్పి బిడ్డలను భయపెట్టకుడి. భయము కొలదిదినములలో చల్లారును, అలవాటు నిలుచును. ఆ బాలునితో నేను, "నాయనా, నీవు చదువుకొనుము. నేనును నా పని ముగించెదను" అని చెప్పితిని. ఆ రాత్రి దీపము చెంత కూర్చుండి పుస్తకములు దిద్దితిని. ప్రభువు ఆ రాత్రి వచ్చియుండినను నాకు సిగ్గు కలిగియుండదు.