ముష్టియుద్ధము క్రీడయేనా?

1962 మార్చి 24వ తేదీ రాత్రి న్యూయార్కులోని మాడిసన్ స్క్వేర్ గార్డెన్‌లో వెల్టర్‌వెయిట్ ప్రపంచవిజేత బెనీ పారెట్‌కును, ఎమిల్ గ్రిఫిత్‌కును ముష్టియుద్ధము జరిగెను. 12వ రౌండులో పారెట్ మూలనున్న త్రాళ్ళలో చిక్కి, క్రిందపడుటకైనను వీలులేక దెబ్బలు తినెను. మధ్యవర్తి పోరాటము నాపునప్పటికే ఆలస్యమయ్యెను. స్పృహ కోల్పోయిన పారెట్ ఏప్రిల్ 3న మరణించెను.

కొందరు మధ్యవర్తిని, కొందరు గ్రిఫిత్‌ను నిందించిరి. అది న్యాయము కాదు. 1961 డిసెంబరులోనే జీన్ ఫుల్మర్ చేతిలో పారెట్ చిత్తుగా దెబ్బలు తిని నేలగూలెను. నాలుగు నెలలైనను గడువకమునుపే అతనిని మరల బరిలోనికి దింపిన వారెవరు? అనుమతి నిచ్చినదెవరు? టిక్కెట్టు కొన్నదెవరు? ఇంట కూర్చుండి టెలివిజనులో తిలకించినదెవరు?

అతడు ఇష్టపడియే దిగెను గదా యందురు. క్యూబా చెరకుతోటలలో చెమటోడ్చిన పేదవానికి వేరొక దారి చూపినవారు మాత్రమే ఆ మాట అనదగుదురు. తక్కిన క్రీడలలో గాయము ప్రమాదము. ఇచట గాయమే లక్ష్యము.

నియమములను సవరించితిమందురు. నిజమే. 1982లో కొరియా యువకుడు కిమ్ డ్యూక్ కూ మరణించిన పిమ్మట ప్రపంచ పోటీలలోని 15 రౌండులను క్రమముగా 12కు తగ్గించిరి. పారెట్ కూలినది 12వ రౌండులోనే!